లేని కొండకు ఎత్తెంత?

మన విశ్వవిద్యాలయాల్లో శాఖలకు కొదవ లేదు. పాఠం చెప్పేవాళ్లు లేని శాఖలున్నాయి. చదివే పిల్లలు లేని శాఖలున్నాయి. ఇద్దరూ లేక గుమ్మం మీద బోర్డు మాత్రం మిగిలిన శాఖలూ ఉన్నాయి. ఇన్ని ఉన్నా ఒక లోటు నన్ను చాలాకాలంగా బాధిస్తోంది. చెప్పాల్సిన విషయమే లేని శాఖ ఇంతవరకూ ఒక్కటీ పెట్టలేదు. ఆ లోటు పూడ్చడానికి ‘అసాధ్య భూపటశాస్త్రం’ అనే కొత్త శాఖను వచ్చే విద్యాసంవత్సరం నుంచి ప్రారంభించాలని ఇందుమూలంగా ప్రతిపాదిస్తున్నాను.

లేని దేశంలో నిలబడలేని కొండలకూ, పారలేని నదులకూ కొలతలు కట్టి పటం గీయడం, ఆ పటంలో తప్పులు పట్టడం, తప్పు పట్టినవాడి తప్పుల మీద ఇంకొకడు సిద్ధాంతగ్రంథం సమర్పించడం ఈ శాస్త్రం పరిధి. ఆలు లేదు చూలు లేదు, కొడుకు పేరు సోమలింగం అన్నారు పెద్దలు. పాపం, వాళ్లు పేరు దగ్గరే ఆగిపోయారు. మన శాఖ సోమలింగం ఎత్తు, బరువు, రక్తం గ్రూపు కూడా తేల్చి అంతర్జాతీయ సదస్సులో పత్రం చదువుతుంది.

గ్రంథాలయానికి పుస్తకాల కరువు రాదు. ఆల్బెర్టో మాంగ్వెల్, జాన్ని గ్వాదలూపి కలిసి ప్రపంచ సాహిత్యంలోని ఊహాస్థలాలకు పెద్ద నిఘంటువు కూర్చి 1980లో అచ్చువేశారు. మరుసటేడు కారెన్ విన్ ఫాన్‌స్టాడ్ అనే అమెరికన్ భౌగోళికురాలు టోల్కీన్ సృష్టించిన ‘మధ్యభూమి’కి అట్లాసు తయారుచేసింది. ఏ పాత్ర ఏ దారిన ఎంత దూరం నడిచిందో లెక్కతో సహా అందులో ఉంటుంది. మన నాయకుల పాదయాత్రలకు కూడా అంత నికరమైన లెక్క దొరకదు.

ఇక సిలబస్ ముసాయిదా చిత్తగించండి.

మొదటి పేపరు: మూల తిరిగిన కొండలు

టోల్కీన్ ‘లార్డ్ ఆఫ్ ది రింగ్స్’ 1954, 55లలో వెలువడింది. దానికి పటాలు గీసింది ఆయన కొడుకు క్రిస్టఫర్. దుష్టుడైన సౌరాన్ ఏలే మోర్డోర్ దేశానికి ఉత్తరాన, పడమట, దక్షిణాన కొండలు కాంపౌండు గోడలా నిలబడి ఉంటాయి. మూలల్లో ఇంచుమించు లంబకోణంలో మలుపు తిరుగుతాయి. అదీ పేచీ. భూఫలకాలు ఒకదాన్నొకటి గుద్దుకుంటే కొండలు అలా మూలమట్టం పెట్టి కట్టినట్టు పుట్టవని భూగర్భశాస్త్రం చదువుకున్న పాఠకులు వ్యాసాల మీద వ్యాసాలు రాశారు.

అదే పుస్తకంలో చెట్లు నడుస్తాయి, మాట్లాడతాయి, కోపమొస్తే కోట పడగొడతాయి. గద్దలు కథానాయకుల్ని వీపు మీద ఎక్కించుకుని ఎగురుతాయి. చచ్చిన సైన్యం లేచి వచ్చి బాకీ యుద్ధం చేసిపోతుంది. వీటిలో దేనితోనూ మన పండితులకు ఇబ్బంది లేదు. కొండ మూల తిరిగిన దగ్గరే ప్రాణం విలవిల్లాడింది. భూఫలకాల సిద్ధాంతాన్ని శాస్త్రలోకం ఒప్పుకున్నది 1960లలో. దాన్ని 1954లో అచ్చైన కొండ ఎందుకు పాటించలేదని కేసు.

ఇదే రంగంలో ఒకాయన ఆశ చూపించి నిరాశపరిచాడు. బ్రిస్టల్ విశ్వవిద్యాలయం వాతావరణ శాస్త్రవేత్త డాన్ లంట్ 2013లో, అసలు భూమి వాతావరణాన్ని లెక్కగట్టే సూపర్‌కంప్యూటర్ నమూనాకి మధ్యభూమి పటం ఎక్కించాడు. మోర్డోర్ వాతావరణం లాస్ ఏంజెలెస్‌కూ పశ్చిమ టెక్సస్‌కూ దగ్గరగా ఉందని తేల్చాడు. ఇంతవరకు బాగుంది. తీరా చూస్తే వ్యాసానికి రచయితగా రాడగాస్ట్ అనే కథలోని మంత్రగాడి పేరు పెట్టాడు. అచ్చైనట్టు చూపించిన పత్రిక లోకంలో లేనే లేదు. నిధులు అడగలేదు, తీరిక వేళల్లో చేశాడు, నవ్వుతూ చేశాడు. అందుచేత ఆయన మన శాఖకు పనికిరాడు. అభ్యర్థి నవ్వకూడదన్నది మొదటి నిబంధన.

రెండవ పేపరు: పారకూడని నదులు

కల్పిత దేశాల పటాలు దిద్దేవాళ్లకు ఒక వేదవాక్యం ఉంది. నదులు కలుస్తాయి గానీ చీలవు. ఎవరైనా కుర్ర రచయిత తన నవలలో ఒక నదిని రెండు చేసి రెండు వైపులకూ పంపాడా, వాడి పని అయిందే. డెల్టాలకు మినహాయింపు ఇచ్చారు కాబట్టి సరిపోయింది. లేకపోతే ధవళేశ్వరం దిగువన గౌతమిగా, వసిష్ఠగా చీలిపోయే గోదావరికి కూడా షోకాజ్ నోటీసు వెళ్లేది.

సూత్రం బాగానే ఉంది. వెనిజులాలో కసిక్వియారె అనే నది మాత్రం దాన్ని చదువుకోలేదు. అది నడిదారిలో ఒరినోకో నుంచి చీలి, రియో నీగ్రోలో కలిసి, ఆ నీళ్లను అమెజాన్‌కు చేరుస్తుంది. మనిషి గునపం తగలకుండా రెండు మహానదులకు కుదిరిన లంకె. అక్కడి ఆదివాసులు ఆ నీళ్ల మీదే బతికారు. పడవల్లో తిరిగిన మతబోధకులు చూసి చెప్పారు. వాళ్లెవరికీ బిరుదులు లేవు. పారిస్‌లో బ్యూవాష్ అనే భౌగోళికుడికి ఉన్నాయి. ఆ నదుల కలయిక భూగోళశాస్త్రంలో ఒక ఘోరమైన పొరపాటని ఆయన 1798 నాటి తన పటంలో తీర్పు రాసి కొట్టేశాడు.

రెండేళ్లు తిరక్కుండా, 1800లో, జర్మన్ యాత్రికుడు హంబోల్ట్ పడవెక్కి ఆ లేని నదిలోనే ప్రయాణం చేశాడు. అక్కడి దోమలకు బ్యూవాష్ పటం అందినట్టు లేదు. హంబోల్ట్ బృందాన్ని పీక్కుతిన్నాయి.

మూడవ పేపరు: సిద్ధాంతానికి కావలసిన కొండ

మళ్లీ అదే 1798. పారిస్ పండితుడు ఉన్న నదిని చెరిపిన సంవత్సరమే లండన్ పండితుడు లేని కొండను లేపాడు. ఆయన పేరు మేజర్ జేమ్స్ రెన్నెల్. ఆషామాషీ మనిషి కాదు. ఈస్టిండియా కంపెనీ వారి కొలువులో బెంగాల్ సర్వేయర్ జనరల్‌గా పనిచేసి, గంగ పాయల వెంట ఏళ్ల తరబడి తిరిగి కొలిచి, 1779లో బెంగాల్ అట్లాసు అచ్చువేసినవాడు. నడిచి కొలిచినంత కాలం ఆయన పటాలు నికార్సుగా ఉన్నాయి. సొంతదేశం చేరి కుర్చీలో కూర్చున్నాకే అసలు ప్రతిభ బయటపడింది.

ముంగో పార్క్ అనే యాత్రికుడు ఆఫ్రికా వెళ్లి నైజర్ నది తూర్పుకు పారుతోందని చూసి వచ్చాడు. దూరాన ఏవో కొండలు కనిపించాయని కూడా చెప్పాడు. నైజర్ సముద్రం చేరదు, ఖండం నడుమ ఆవిరైపోతుందని రెన్నెల్ సిద్ధాంతం. మరి దక్షిణానికి తిరిగి సముద్రంలో పడకుండా దానికి అడ్డేమిటి? కొండలు కావాలి. పెట్టాడు. పార్క్ చూశానన్న కొండలను అటూ ఇటూ సాగదీసి పశ్చిమ ఆఫ్రికా పొడవునా ‘కాంగ్ పర్వతశ్రేణి’ని గీశాడు. 1805లో జాన్ కేరీ అనే పటకర్త ఆ శ్రేణిని లాక్కెళ్లి, నైలు నది పుట్టిల్లని చెప్పుకునే చంద్రగిరులకు తగిలించాడు. ఆ చంద్రగిరులను చూసినవాడు కూడా అప్పటికి ఎవడూ లేడు. ఇద్దరు అపరిచితులకు ఇలా వియ్యం కుదిరింది.

1830లో లాండర్ సోదరులు నైజర్‌లో పడవ వేసుకుని బయల్దేరి గినీ సింధుశాఖలో తేలారు. నది సముద్రంలోకే పోతోందని తేలిపోయింది. ఇక ఆ కొండకు చేయడానికి ఉద్యోగం లేదు. అయినా రిటైరు కాలేదు. అట్లాసు తర్వాత అట్లాసులో, బడి పిల్లల పుస్తకాల్లో, ప్రతి పటకర్తా ముందువాడి పటం చూసి ఎక్కించుకుంటూ పోయాడు. చివరికి 1888లో ఫ్రెంచి సైనికాధికారి బింజే కాంగ్ అనే ఊరికి తన కాళ్లతో వెళ్లి చూశాడు. ఊరుంది. మనుషులున్నారు. వ్యాపారం సాగుతోంది. కొండ లేదు. తొంభై ఏళ్ల సర్వీసు పూర్తిచేసుకుని కాంగ్ పర్వతశ్రేణి పదవీ విరమణ చేసింది.

ఈ పేపరులో విద్యార్థి నేర్చుకోవలసిన కిటుకు ఒకటే. సిద్ధాంతం వంగుతోందా, దాని కింద ఒక కొండ పెట్టు.

నాలుగవ పేపరు: క్షేత్రపర్యటన

గదిలో కూర్చుని గీయడమే చాలదు. శాస్త్రమన్నాక ఫీల్డ్ వర్కు ఉండాలి. పాఠ్యాంశంగా క్రాకర్ లాండ్ అనే భూభాగాన్ని నిర్ణయించాను. ఉత్తర ధ్రువ యాత్రికుడు రాబర్ట్ పియరీ 1906లో దూరాన ఆ నేల చూశానని ప్రకటించాడు. యాత్రకు పెద్ద చందా ఇచ్చిన జార్జి క్రాకర్ అనే ధనవంతుడి పేరు దానికి పెట్టాడు. పియరీ నాటి డైరీలో మాత్రం ఆ భూమి ఊసే లేదు. మన దగ్గర చందా ఇచ్చిన దాతకు గుడి మెట్టు మీద పేరు చెక్కుతారు. దానికి మెట్టు ఉండాలనే షరతు ఒకటి ఉంది.

ఆ భూమి వెతకడానికి 1913లో మెక్‌మిలన్ నాయకత్వాన ఒక బృందం బయల్దేరింది. 1914 ఏప్రిల్లో మంచు సముద్రం మీద నడుస్తుండగా మెక్‌మిలన్‌కు ఎదురుగా కొండలు, లోయలు, మంచు శిఖరాలు కనిపించాయి. దారి చూపుతున్న ఇన్యూట్ వేటగాడు పియుగాటోక్ అది భూమి కాదు, పొగమంచు అన్నాడు. పుట్టి పెరిగినవాడి మాట. మెక్‌మిలన్ వినలేదు. నడిచాడు. కొండలు పొద్దుతో పాటు రంగు మారాయి, చోటు మారాయి, చివరికి మాయమయ్యాయి. మిగిలింది మంచు. ఆయన తిరిగి ఇల్లు చేరేసరికి 1917 వచ్చింది.

ఉపగ్రహాలు వచ్చాక ఇలాంటివి చెల్లవని ఎవరైనా అంటే, వాళ్లకు ‘శాండీ ఐలాండ్’ చూపించండి. ఆస్ట్రేలియాకూ న్యూ కాలెడోనియాకూ మధ్య పగడపు సముద్రంలో ఉన్నట్టు ఆ దీవి పటాల్లో ఉండేది. గూగుల్ మ్యాపులోనూ ఉండేది. 2012 నవంబరులో ‘సదరన్ సర్వేయర్’ అనే పరిశోధన నౌక సరిగ్గా అక్కడికే వెళ్లింది. దీవి ఉండాల్సిన చోట 1,400 మీటర్ల లోతు నీళ్లున్నాయి. నౌక దీవి మీదుగానే దర్జాగా సాగిపోయింది.

ఐదవ పేపరు: పురాణ సర్వే

ఇది మన గడ్డ మీది పేపరు కాబట్టి మార్కులు ఎక్కువ.

పురాణకారుడి భూగోళం ముచ్చటైనది. ఏడు ద్వీపాలు, వాటి చుట్టూ ఏడు సముద్రాలు. ఉప్పునీరు, చెరకురసం, మద్యం, నెయ్యి, పెరుగు, పాలు, మంచినీరు. నడుమ మేరుపర్వతం. విష్ణుపురాణం లెక్కలో నేల మీద ఎత్తు 84 వేల యోజనాలు, నేలలోకి 16 వేలు. మొదలు దగ్గర వెడల్పు 16 వేలైతే తల దగ్గర 32 వేలు. అడుగు కన్నా నెత్తి రెట్టింపు. ఏ ఇంజినీరూ ఆ ప్లాను మీద సంతకం పెట్టడు. పురాణకారుడు సంతకం అడగనూ లేదు. నెయ్యి సముద్రానికి ఓడ పంపమనలేదు, పెరుగు సముద్రం లోతు కొలవమనలేదు.

ఆ పనికి పూనుకున్నవాడు కంపెనీ సైన్యపు అధికారి ఫ్రాన్సిస్ విల్‌ఫర్డ్. కాశీలో మకాం. ఈజిప్టు, గ్రీకు గాథలు, బైబిలు కథలు సమస్తం మన పురాణాల్లో ఉండితీరాలని ఆయన పట్టుదల. ఒక పండితుణ్ణి జీతానికి పెట్టుకున్నాడు. సహాయకులను పెట్టుకోమని విడిగా సొమ్మిచ్చాడు. ఏం దొరకాలో ముందుగానే కథలుగా చెప్పి మరీ వెతకమన్నాడు. పండితుడు లౌక్యం తెలిసిన మనిషి. సహాయకుల సొమ్ము తన జేబులో వేసుకున్నాడు. గ్రంథాలు తిరగేసే శ్రమ మానేశాడు. దొరగారు చెప్పిన కథలనే సంస్కృతంలో పెట్టి, ఉన్న పేర్లు చెరిపి కావలసిన పేర్లు రాసి, రాతప్రతుల మర్యాద చెడకుండా తిరిగి దొరగారికే సమర్పించాడు. తన మాటే ఋషివాక్యమై తిరిగొస్తే ఏ దొర మురిసిపోడు?

అలా నైలు నదీ, చంద్రగిరులూ పురాణాల సాక్ష్యంతో, పటంతో సహా, 1792 నాటి ‘ఏషియాటిక్ రీసెర్చెస్’ మూడవ సంపుటానికి ఎక్కాయి. ఏషియాటిక్ సొసైటీ అధ్యక్షుడు సర్ విలియం జోన్స్ అంతటివాడు ప్రశంసగా నాలుగు మాటలు జోడించాడు. తర్వాత రంగు వెలిసింది. పత్రాల్లో దిద్దుబాట్లు కనిపించాయి. ప్రతులు అసలైనవేనని ప్రమాణం చేయించడానికి పండితుడు పదిమంది బ్రాహ్మణులను వెంటబెట్టుకొచ్చాడని విల్‌ఫర్డే రాసుకున్నాడు. 1805లో, ఎనిమిదవ సంపుటంలో, మోసపోయానని అచ్చులో ఒప్పుకున్నాడు.

ఆ ఒప్పుకోలు ఎక్కడ అచ్చైందో చూడండి. పడమటి పవిత్ర ద్వీపాల మీద ఆయన మొదలెట్టిన కొత్త వ్యాసానికి అది ఉపోద్ఘాతం. ఆ వ్యాసం రుజువు చేయబూనింది ఏమిటయ్యా అంటే, పురాణాల్లోని శ్వేతద్వీపం బ్రిటనే అని! పాత బాకీ ఒప్పుకున్న కాగితం మీదే కొత్త అప్పు.

కథ అక్కడా ఆగలేదు. ఫోర్జరీ ఒప్పుకున్న 58 ఏళ్లకు, 1863లో, నైలు జన్మస్థానం కనుక్కొచ్చానన్న జాన్ హానింగ్ స్పీక్ తన యాత్రాగ్రంథంలో విల్‌ఫర్డ్ పటాన్ని అచ్చువేసి, ప్రాచీన హిందువులకు ఈ సంగతులు తెలుసని ఆశ్చర్యపోయాడు. ఇప్పుడు ఆ స్పీక్ మాటే మనవాళ్లకు సాక్ష్యం. నైలు పుట్టుక మన పురాణాల్లో ముందే ఉందని, తెల్లవాడే ఒప్పుకున్నాడని ఫోన్ల నుంచి ఫోన్లకు పారుతోంది. తెల్లవాడు చెప్పింది కాశీ పండితుడు రాశాడు, పండితుడు రాసింది తెల్లవాడు నమ్మాడు, తెల్లవాడు నమ్మాడు కాబట్టి మనం నమ్మాలి. ఈ గొలుసులో పురాణం ఎక్కడుందో చెప్పినవారికి స్వర్ణపతకం.

ప్రాక్టికల్స్: మాహిష్మతి నుంచి మన వెంచరు దాకా

2015లో ‘బాహుబలి’ చూసిన జనం కేరళలోని అతిరప్పిళ్లి జలపాతాన్ని హీరో ఎక్కితే పైన మంచుకొండలు ప్రత్యక్షం కావడం కళ్లారా చూశారు. ఇది ఏ అక్షాంశమయ్యా అని ఒక్కరూ టిక్కెట్టు డబ్బులు వెనక్కి అడగలేదు. సినిమా హాల్లో కూర్చున్నామని అందరికీ తెలుసు. 2017లో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం రాజధాని అమరావతి డిజైన్లకు సలహా ఇవ్వమని ఆ సినిమా దర్శకుడు రాజమౌళినే కోరింది. ఆయన లండన్ వెళ్లి, ఆ డిజైన్లు చేస్తున్న నార్మన్ ఫోస్టర్ సంస్థవారిని కలిశారు. తన పాత్ర చాలా చిన్నదని ఆయనే చెప్పారు కాబట్టి ఆయన్ని అనడానికేమీ లేదు. కల్పన ఎవరి దగ్గర దొరుకుతుందో ప్రభుత్వానికి తెలిసింది, అంతే.

రెండేళ్లకు, 2019 నవంబరు మొదట్లో, కేంద్రం కొత్త దేశపటం విడుదల చేస్తే అందులో ఆంధ్రప్రదేశ్‌కు రాజధాని లేదు. లోక్‌సభలో అడిగాక, అదే నెలలో సవరించిన పటంలో అమరావతి వెలిసింది. ఆ సినిమాలోని మాహిష్మతి రాజ్యం మాత్రం ఏ పటంలోంచీ ఒక్కరోజు తప్పిపోలేదు.

ఇక హైదరాబాద్ చుట్టుపక్కల వెంచర్ల బ్రోచర్లు మన శాఖకు నడిచే ప్రయోగశాలలు. ఎయిర్‌పోర్టు పది నిమిషాలు, ఐటీ కారిడార్ పదిహేను నిమిషాలు, పుష్పక విమానంలో. బ్రోచర్లో ‘లేక్ వ్యూ’ అని ఉంటుంది. ఊరి నక్షా తీసి చూస్తే వ్యూ ఏమీ ఉండదు, ప్లాటే చెరువులో ఉంటుంది. చెరువు నిండు నీటిమట్టపు హద్దైన ఎఫ్‌టీఎల్ అంటే ఏమిటో 2024లో ఆక్రమణలు కూల్చే హైడ్రా సంస్థ బుల్డోజర్లు వచ్చాక చాలామంది అప్పు తీసుకుని మరీ నేర్చుకున్నారు. నీళ్లున్న చోట నేల గీయడంలో ఆ బ్రోచర్లు గీసినవాళ్ల ముందు శాండీ ఐలాండ్ గీసినవాళ్లు ఎల్‌కేజీ పిల్లలు.

ముగింపు: శాఖ రద్దు

ఇంత ముసాయిదా రాశాక నా ప్రతిపాదనను నేనే ఉపసంహరించుకుంటున్నాను. ఈ శాస్త్రానికి కొత్తగా శాఖ పెట్టనక్కర్లేదు. భూగోళశాస్త్రం, చరిత్ర, పట్టణాభివృద్ధి, పెట్టుబడుల ఆకర్షణ అనే పేర్లతో అది ఎప్పట్నుంచో నడుస్తోంది. దీన్ని నేర్పినవాళ్లలో నవలా రచయితలు మాత్రం లేరు.

కథకుడు లేని దేశం గీస్తే ముందే చెప్పి గీస్తాడు. చెప్పాక తన అబద్ధానికి కూడా లెక్క సరిచూసుకుంటాడు. స్టీవెన్‌సన్ 1881లో ‘ట్రెజర్ ఐలాండ్’ పటం గీసుకుని, దాన్ని ముందు పెట్టుకుని నవల రాశాడు. ప్రచురణకర్తకు పంపిన ఆ పటం చేరలేదు. ఆయన తన పుస్తకాన్నే మళ్లీ మొదట్నుంచి చదివి, అందులో రాసిన ప్రతి దూరానికీ ప్రతి దిక్కుకీ సరిపోయేలా ఇంకో పటం గీశాడు. లేని దీవికి అంత నిష్ఠ. ఉన్న ఖండానికి రెన్నెల్ అందులో సగం చూపించినా బడి పిల్లలు తొంభై ఏళ్లు లేని కొండ పేరు వల్లెవేసేవాళ్లు కారు. లూయిస్ కారల్ 1876లో ప్రచురించిన ఒక వేట కథాకావ్యంలో నావికుల చేతికి ఖాళీ కాగితమే పటంగా ఇస్తాడు. వాళ్లు సంతోషిస్తారు. పందొమ్మిదో శతాబ్దంలో అచ్చైన చాలా ఆఫ్రికా పటాల కన్నా అది నిజాయితీ గల పటం.

కాబట్టి పాఠకులారా, ఎవరైనా మీ ముందు పటం పరిచి వేలు పెట్టి చూపిస్తే ముందు ఆ చూపించేవాడు ఎవరో కనుక్కోండి. కథకుడైతే టిక్కెట్టు కొని కూర్చోండి, కొండ ఏ మూల తిరిగినా అడక్కండి. పండితుడో, అధికారో, నాయకుడో, ప్లాట్ల ఏజెంటో అయితే ఒక్క ప్రశ్న వేయండి. అక్కడికి తన కాళ్లతో నడిచి వెళ్లి వచ్చినవాడు ఎవడు? వాణ్ణి పిలిపించమనండి. వాడు వచ్చి మాట్లాడేదాకా పటాన్ని నమ్మకండి, అడ్వాన్సు ఇవ్వకండి.